సియెమ్ రీప్ నుంచి ఒక్క రోజులో దూరపు ఖ్మేర్ గుళ్ళు: కో కేర్, బెంగ్ మియాలియా, సొంత కారు, గైడు

కృష్ణాతీరం:
కంబోడియాలోని సియెమ్ రీప్‌లో నాలుగు రోజులు ఉంటాం. ఆంగ్‌కోర్ వాట్, బాయన్, తా ప్రోమ్‌లకు పోను ఒక రోజు ఊరికి దూరంగా ఉన్న గుళ్ళకు పెట్టుకున్నాం. నలుగురం, అందులో ఇద్దరికి 65 దాటాయి. బస్సు టూరు వద్దు, కారూ గైడూ మాకే ఉండాలి. ప్రేహ్ విహేర్, కో కేర్, బెంగ్ మియాలియా మూడూ ఒకే రోజులో చూపిస్తామని కొందరు ఏజెంట్లు అంటున్నారు. కుదిరే పనేనా? టికెట్లు విడిగా కొనాలా? అందరం శాకాహారులం, మధ్యాహ్నం భోజనం సంగతేమిటి? తెలిసినవాళ్ళు వివరంగా చెప్పండి.

ఎర్రమట్టి:
మూడూ ఒకే రోజులో వద్దండి. కారు తిరుగుతుంది కానీ మీరు గుళ్ళు చూడరు. లెక్క చూడండి. సియెమ్ రీప్ నుంచి బెంగ్ మియాలియా 65-70 కి.మీ., గంటంబావు పైన. కో కేర్ సుమారు 120 కి.మీ., రెండు నుంచి రెండున్నర గంటలు. ప్రేహ్ విహేర్ దంగ్రెక్ కొండల అంచున, థాయ్ సరిహద్దు మీద ఉంది. అక్కడికి ఒక వైపు ప్రయాణమే మూడు గంటలు దాటుతుంది, ఆపైన కొండెక్కడానికి బండి మారాలి. మూడూ కలిపితే రోజులో చాలాభాగం కారులోనే గడిచిపోతుంది.

ఒక రోజుకు సరైన జోడీ కో కేర్, బెంగ్ మియాలియా. రెండూ ఒకే వైపు, వాటి మధ్య దూరం 60 కి.మీ. పైచిలుకు. చాలామంది డ్రైవర్లు దగ్గరదని ముందు బెంగ్ మియాలియాలో ఆపుతారు. ఊరి నుంచి వచ్చే వ్యాన్లన్నీ తొమ్మిదిన్నర, పదకొండు మధ్య అక్కడికే చేరతాయి. మీరు తిరగేయండి. ఆరింటికి బయల్దేరి ఆగకుండా నేరుగా కో కేర్ వెళ్ళండి. ఎనిమిదిన్నరకల్లా అక్కడుంటే ఎండ ముదరకముందే పిరమిడ్ పని అయిపోతుంది. పన్నెండున్నరకు అక్కడ లేస్తే రెండింటికి బెంగ్ మియాలియా. మూడున్నర, నాలుగింటికి వదిలితే వెలుగుండగానే ఊళ్ళో దిగుతారు.

చీకటి పడేలోపు తిరిగి రావడం ముఖ్యం. పల్లె రోడ్ల మీద లైట్లు లేని చేతి ట్రాక్టర్లు, పశువులు, ఎడ్లబళ్ళు వస్తుంటాయి. అలసిన డ్రైవరు, చీకటి రోడ్డు ఒక్కచోట పడకూడదు.

దారివెంట:
పైన చెప్పింది సబబే. నేను బేరం వైపు సంగతి రాస్తాను, ఎందుకంటే ఈ ప్రయాణంలో ఎక్కువ గొడవలు అక్కడే వస్తాయి.

"ప్రైవేట్ టూర్" అని రాసి ఉన్నంత మాత్రాన గైడు ఉన్నట్టు కాదు. చాలా ప్రకటనల్లో ఆ మాటకు కారు, డ్రైవరు అనే అర్థం. డ్రైవరు ఇంగ్లీషు మాట్లాడగలిగినా గుడి లోపల గైడు పని చేయడానికి అతనికి అనుమతి లేదు, గేటు దగ్గరే ఆగిపోతాడు. కంబోడియాలో గైడుకు పర్యాటక శాఖ లైసెన్సు ఉండాలి. లైసెన్సు కార్డు ఫోటో ముందే పంపమని అడగండి. నిజమైన గైడు దానికి చిన్నబుచ్చుకోడు.

రెండో పొరపాటు బండి సైజు. మీరు నలుగురు, గైడుతో అయిదుగురు, డ్రైవరుతో ఆరుగురు. అక్కడ టాక్సీలుగా తిరిగేవి ఎక్కువగా కామ్రీ లాంటి సెడాన్లు. అందులో వెనక నలుగురు ఇరుక్కుని రెండున్నర గంటలు కూర్చోలేరు, వెనక బెల్టులూ చాలవు. వ్యాన్ కావాలని ముందే చెప్పండి. బండి దొరకలేదని పొద్దున్నే సెడాన్ తెస్తే ఇద్దరు పెద్దవాళ్ళతో ఏం చేయాలో మీకు పాలుపోదు. టుక్‌టుక్ మాట తలపెట్టవద్దు. బెంగ్ మియాలియా దాకా కొందరు వెళ్తారు కానీ దుమ్ము, రెండు గంటల పైన కుదుపు. కో కేర్‌కు అది పనికిరాదు.

ధరలు అటూ ఇటుగా ఉంటాయి. ఈ జోడీకి కారు 80-100 డాలర్ల దగ్గర, వ్యాన్ ఇంకాస్త ఎక్కువ. ఇంగ్లీషు గైడుకు దగ్గరి గుళ్ళ రోజు కూలి మీద దూరానికి కొంత కలుపుతారు. అంకె కన్నా అందులో ఏమేం కలిశాయో చూడాలి: పెట్రోలు, పార్కింగు, గైడు భోజనం, ఎన్ని గంటలు, గంట దాటితే ఎంత. గుడి టికెట్లు దాదాపు ఎప్పుడూ విడిగానే. ఇదంతా ఫోన్లో మాట్లాడి వదిలేయకుండా టెలిగ్రామ్‌లోనో వాట్సాప్‌లోనో రాయించుకోండి. అక్కడివాళ్ళు టెలిగ్రామ్ ఎక్కువ వాడతారు.

తాటిమట్ట:
భోజనం గురించి. ఖ్మేర్, అంటే కంబోడియా వంటలో కూరగాయల కూర అన్నా చేపలు పులియబెట్టి తీసిన నీరు (ఫిష్ సాస్) పడుతుంది, దాన్ని తుక్ త్రెయ్ అంటారు. పులియబెట్టిన చేపల ముద్ద ప్రహోక్ వేరు, దాని వాసనే చెప్పేస్తుంది. ఆయిస్టర్ (ఆల్చిప్పల) సాస్ మాత్రం కంటికి కనబడదు, వేపుళ్ళన్నిటిలో ఉంటుంది. "మాంసం వద్దు" అంటే ఇవేవీ ఆగవు, ఎందుకంటే వాళ్ళ దృష్టిలో అవి మాంసం కావు.

పని చేసే మాట "ఞామ్ బువోహ్". సన్యాసి తిండి, అంటే పూర్తి శాకాహారం తింటామని అర్థం. దానితో పాటు "అత్ డాక్ తుక్ త్రెయ్" అనండి, చేపనీరు వేయొద్దని. గైడు చేత ఈ రెండూ వంటమనిషికే చెప్పించాలి, వడ్డించేవాళ్ళకు చెబితే దారిలో జారిపోతుంది.

అయినా కో కేర్ దగ్గరున్నవి చిన్న కొట్లు. అన్నం, గుడ్డు, నూడుల్స్, కొబ్బరిబోండాం దొరుకుతాయి, అంతకన్నా ఆశ పెట్టుకోవద్దు. సియెమ్ రీప్‌లో భారతీయ హోటళ్ళకు కొదవ లేదు. ముందు రోజు రాత్రి చపాతీలు, పులిహోర లాంటివి కట్టించుకుంటే మంచిది. పెరుగన్నం మాత్రం వద్దు, కారులో మధ్యాహ్నానికి పులిసిపోతుంది. రోడ్డు పక్కన వెదురు బొంగుల్లో కాల్చిన జిగురు అన్నం అమ్ముతారు, పేరు క్రలాన్. బియ్యం, కొబ్బరిపాలు, అలసందల్లాంటి గింజలు, ఉప్పు, చక్కెర. అది నిశ్చింతగా తినొచ్చు. పొరలు అరటిబొంత ఒలిచినట్టు ఒలవాలి.

బంతేయ్ స్రేయ్ గుడి వైపు ఇంకో రోజు వెళ్తే దారిలో ప్రేహ్ దాక్ ఊరుంది. ఎండాకాలంలో తాటినీరా కాచి బెల్లం చేస్తారు. మన తాటిబెల్లమే, అదే చెట్టు. చిన్న బిళ్ళలుగా తాటాకులో చుట్టి ఇస్తారు.

శిలాలేఖ:
టికెట్ల దగ్గర పాత సమాచారం చాలా చోట్ల తిరుగుతోంది, సరిచూసుకోండి. 2020 జనవరి నుంచి బెంగ్ మియాలియా ఆంగ్‌కోర్ పాస్‌లోనే ఉంది, వేరే టికెట్ అక్కర్లేదు. పాస్ ఒక రోజుకు 37 డాలర్లు, మూడు రోజులకు 62, ఏడు రోజులకు 72. మూడు రోజుల పాస్‌ను వరసగా వాడనక్కర్లేదు, పది రోజుల్లో ఏ మూడు రోజులైనా సరే. మీరు రెండు రోజులు ఆంగ్‌కోర్‌కు, ఒక రోజు బెంగ్ మియాలియాకు పెట్టుకుంటే మూడు రోజుల పాస్ అతికినట్టు సరిపోతుంది. పాస్ మీద మీ ఫోటో ఉంటుంది, మరొకరిది వాడలేరు. ఆన్‌లైన్‌లో కొంటే ఫోన్‌లో తెరిచి చూపాలి. బెంగ్ మియాలియాలో సిగ్నల్‌ను నమ్ముకోకుండా ముందే స్క్రీన్‌షాట్ తీసి పెట్టుకోండి.

కో కేర్ మాత్రం పాస్‌లో లేదు. మనిషికి 15 డాలర్లు, గుళ్ళకు ముందే రోడ్డు మీద టికెట్ గది వస్తుంది. కూలెన్ కొండకు వేరే 20 డాలర్లు. అది కూడా పాస్‌లో కలవదు.

ఇంకొకటి. ఆరింటికి బయల్దేరేవాళ్ళు పాస్ ముందు రోజే కొనేయాలి. పొద్దున టికెట్ కేంద్రం చుట్టూ తిరిగితే ముప్పావు గంట పోతుంది, అది కూడా ఆ రోజులో అన్నిటికన్నా చల్లటి ముప్పావు గంట.

కృష్ణాతీరం:
చాలా కృతజ్ఞతలు. మూడింటి ఆలోచన వదిలేశాం. ఇంకొన్ని సందేహాలు. పెద్దవాళ్ళకు మోకాళ్ళ నొప్పులు, ఎక్కడ ఎన్ని మెట్లు? కో కేర్‌లో మందుపాతరలు ఉండేవని చదివాం, ఇప్పుడు భయం లేదా? గుడికి వెళ్ళాక దేన్ని చూడాలో తెలియక తిరిగొచ్చేస్తామేమోనని ఇంకో బెంగ.

కాకతీయ_తోరణం:
మోకాళ్ళకు సంబంధించి.

కో కేర్‌లో ముఖ్యమైన గుడి ప్రసాత్ థోమ్. ప్రసాత్ అంటే మన ప్రాసాదమే, థోమ్ అంటే పెద్ద. దానికి వెనక ఏడంతస్తుల పిరమిడ్, 36 మీటర్ల ఎత్తు, అడుగున ఒక్కో వైపు సుమారు 62 మీటర్లు. అసలు రాతిమెట్లు శిథిలమై మూసేశారు, పక్కన చెక్కమెట్లు కట్టారు. అవి బాగా నిటారుగా ఉంటాయి. దిగడమే కష్టం, ఎక్కడం కాదు. మోకాళ్ళ నొప్పి ఉన్నవాళ్ళు ఎక్కొద్దు. పైన చూసేది చుట్టూ అడవి. కిందనుంచి పిరమిడ్ మొత్తం కనబడే పచ్చిక బయలు ఉంది, అక్కడ చెట్టు నీడన కూర్చుంటే వాళ్ళకు ఏ లోటూ ఉండదు. దారి చదునే, అక్కడక్కడ ఇసుక.

మిగతా చిన్న గుళ్ళు కో కేర్‌లో పెద్దవాళ్ళకు హాయి. కారు దాదాపు ముంగిట్లో ఆగుతుంది. ప్రసాత్ ప్రామ్ ముందొస్తుంది, ప్రామ్ అంటే అయిదు. అయిదు గోపురాలు, వాటిలో కొన్నిటిని మర్రి జాతి వేళ్ళు పట్టి బిగించాయి. ఎక్కే పని లేకుండా ఇంత అందం ఇంకెక్కడా దొరకదు.

బెంగ్ మియాలియా అలా కాదు. పునరుద్ధరించని గుడి అది. కూలిన రాళ్ళ గుట్టల మీదుగా చెక్క వంతెన బాట వేశారు, దానికి మధ్యమధ్య మెట్లు ఉన్నాయి. బాట మీదే నడిస్తే పెద్దవాళ్ళూ తిరగొచ్చు, కర్ర ఉంటే మేలు. బాట దిగి రాళ్ళ మీదకు ఎక్కిద్దామని ఎవరైనా పిలిస్తే వెళ్ళకండి. నాచు పట్టిన ఇసుకరాయి తడిస్తే సబ్బుబిళ్ళే. స్లిప్పర్లు వద్దు, అడుగున పట్టున్న బూట్లు వేసుకోవాలి. ఆంగ్‌కోర్ గుళ్ళన్నిటికీ భుజాలూ మోకాళ్ళూ కప్పే బట్టలుండాలి, ఇక్కడా అంతే. పొడుగు ప్యాంటు జలగలూ దోమలూ పట్టకుండా కాపాడుతుంది.

ఎర్రమట్టి:
మందుపాతరల గురించి. సందర్శకులు వెళ్ళే గుళ్ళు, దారులు శుభ్రం చేసినవే. కో కేర్, బెంగ్ మియాలియా రెండింటి చుట్టూ ఏళ్ళ తరబడి పని జరిగింది. కానీ కో కేర్ ఉన్న ప్రేహ్ విహేర్ రాష్ట్రమంతా శుభ్రమని దానర్థం కాదు. పాటించాల్సింది ఒక్కటే. నలిగిన బాట దాటి అడవిలోకి అడుగు వేయొద్దు. లఘుశంకకు చెట్ల చాటుకు వెళ్ళడం కూడా అందులోకే వస్తుంది. ఎర్ర బోర్డు మీద పుర్రె బొమ్మ కనిపిస్తే అక్కడితో వెనక్కి. వానల తర్వాత మట్టి కొట్టుకొచ్చి పాతవి పైకి తేలే ప్రమాదం ఉంది, అందుకే వానాకాలంలో ఈ నియమం ఇంకా గట్టిగా పట్టుకోవాలి. డ్రోన్ ఎగరేయాలంటే అనుమతి కావాలి. అది లేకుండా ఎగరేస్తే, పడిన డ్రోన్ కోసం ఎవరో ఒకరు పొదల్లోకి వెళ్తారు.

మరుగుదొడ్లు ప్రసాత్ థోమ్ దగ్గర కొట్ల వైపు, బెంగ్ మియాలియా ప్రవేశం దగ్గర ఉన్నాయి. ఆ రెండు చోట్లా తప్పకుండా వాడుకుని కదలండి.

శిలాలేఖ:
ఏం చూడాలన్నది అన్నిటికన్నా ముఖ్యమైన ప్రశ్న. తెలుగువాళ్ళకు ఇక్కడ ఒక సౌలభ్యం ఉంది. విదేశీ పుస్తకాల్లో నాలుగు వాక్యాలతో వివరించేవాటికి మన దగ్గర ఒక్కో మాట సిద్ధంగా ఉంది.

కో కేర్ 928 నుంచి 944 దాకా ఖ్మేర్ రాజధాని. నాలుగో జయవర్మన్ ఆంగ్‌కోర్ వదిలి ఇక్కడికి వచ్చాడు. శాసనాల్లో ఊరి పేరు లింగపురం అని కూడా కనిపిస్తుంది. పిరమిడ్ పైన ఒకప్పుడు త్రిభువనేశ్వరుడనే లింగం ఉండేది. 2023 సెప్టెంబరులో యునెస్కో జాబితాలో చేరింది.

లింగాలు ఉన్న చిన్న గుళ్ళు ప్రసాత్ థోమ్ దాటాక, రహల్ అనే పాత చెరువు పక్కన వస్తాయి. ప్రసాత్ బలాంగ్, ప్రసాత్ థ్నెంగ్ అని అడగండి. చాలా టూర్లు వీటిని వదిలేస్తాయి, దయచేసి వదలొద్దు. పానవట్టం మీద పెద్ద లింగం అక్కడే ఉంది. అభిషేకజలం పానవట్టం ముక్కు నుంచి గోడలో తొలిచిన తూము గుండా బయటికి వెళ్ళే ఏర్పాటు చూడండి, మనం సోమసూత్రం అనేది అదే. మన ఆగమాల్లో లాగే అడుగున నలుపలక బ్రహ్మభాగం, నడుమ ఎనిమిది పలకలు విష్ణుభాగం, పైన గుండ్రం రుద్రభాగం. పీఠంలో ఇమిడిన కింది రెండూ కనబడవు. పక్కన పీఠం పగిలి లింగం విడిగా పడి ఉన్న గుళ్ళలో ఈ మూడూ ఒకేసారి చూడొచ్చు.

ద్వారబంధాల దగ్గర తలెత్తి చూడండి. ఖ్మేర్ శిల్పంలో ప్రాణమంతా ద్వారం పైకమ్మీలోనే ఉంది. నడుమ కీర్తిముఖం, దాని నోటి నుంచి ఇరువైపులా దిగే పూలదండ, చివర మకరాలు. ఇది మన మకరతోరణమే. దండ వంపు, నడుమనున్న దేవుడు చూసి ఏ శతాబ్దమో చెప్పగలిగేవాళ్ళు ఉన్నారు. మీ గైడును అడిగి చూడండి, చెప్పగలిగితే మంచి గైడు దొరికినట్టు.

ప్రసాత్ క్రచాప్ దగ్గర ద్వార స్తంభాల మీద శాసనాలు ఉన్నాయి. ఆ లిపి దక్షిణాది పల్లవ లిపి నుంచి పుట్టింది. మన తెలుగు లిపికి అది అన్నదమ్ముల వరస. అక్షరాలు చదవలేకపోయినా ఆ గుండ్రదనం, తలకట్లు ఎక్కడో చూసినట్టుంటాయి. ఖ్మేర్ శాసనాల్లో కాలం శక సంవత్సరాల్లో ఉంటుంది, ఉగాది పంచాంగంలో మనం వాడే శాలివాహన శకమే. 78 కలిపితే క్రీస్తు శకం వస్తుంది. 928 అంటే శకం 850. సంస్కృత శ్లోకాల్లో అంకెలకు బదులు భూతసంఖ్యలు వాడారు. చంద్రుడంటే ఒకటి, వేదాలంటే నాలుగు, మన శాసనాల్లో లాగానే.

ఇక ప్రసాత్ చేన్. ఇక్కడ భీముడు, దుర్యోధనుడు గదలతో తలపడే శిల్పబృందం ఉండేది. 1970ల యుద్ధకాలంలో పాదాల దగ్గర నరికి ఎత్తుకుపోయారు. అప్పట్లో పీఠాలూ పాదాలూ ఇక్కడే మిగిలాయి. విదేశాల్లో వేలానికి వచ్చిన దుర్యోధనుడి విగ్రహానికి ఈ పాదాలతో పోలిక కుదరడంతో కేసు నడిచింది. 2014లో దుర్యోధనుడూ, ఒక అమెరికన్ మ్యూజియంలో ఉన్న భీముడూ కంబోడియాకు తిరిగొచ్చారు. ఇదే గుడిలోని వాలి సుగ్రీవుల కుస్తీ శిల్పం రాజధాని ప్నోమ్ పెన్ జాతీయ మ్యూజియంలో ఉంది. అందువల్ల ప్రసాత్ చేన్‌లో మీరు చూసేది ఖాళీ చోటే. కథ తెలియకుండా వెళ్తే అయిదు నిమిషాల్లో వచ్చేస్తారు. తెలిసి వెళ్తే అక్కడ నిలబడిపోతారు.

దారివెంట:
శిలాలేఖ గారు చెప్పిన ఆ నాలుగు పేర్లు (బలాంగ్, థ్నెంగ్, క్రచాప్, చేన్) బేరం ముందే గైడుకు రాసి పంపండి. "కో కేర్" అని మాత్రమే ఒప్పుకుంటే కొందరికి అది ప్రసాత్ ప్రామ్, ప్రసాత్ థోమ్ రెండే. మిగతావాటికి తీసుకెళ్ళమంటే టైము లేదంటారు.

వేళల క్రమం దగ్గర ఎర్రమట్టి గారితో చిన్న తేడా. కో కేర్ ముందు అన్నది నవంబరు నుంచి ఏప్రిల్ దాకా సరైనది. జూన్ నుంచి అక్టోబరు దాకా వాన ఎక్కువగా మధ్యాహ్నం దాటాక పడుతుంది. అప్పుడు బెంగ్ మియాలియా రాళ్ళు, చెక్కబాట తడుస్తాయి. ఆ నెలల్లో ముందు బెంగ్ మియాలియాకు వెళ్ళడమే క్షేమం. ఆరింటికి బయల్దేరితే ఏడున్నరకు గేటు తెరిచే వేళకు చేరతారు, వ్యాన్ల గుంపు రాకముందే బయటపడతారు. కో కేర్‌లో వాన వచ్చినా చదును నేల, పెద్ద ఇబ్బంది లేదు.

ఎర్రమట్టి:
ఒప్పుకుంటున్నాను. వానాకాలానికి మీ క్రమమే మేలు. ఒక్క సవరణ. పెద్దవాన పడుతుండగా పిరమిడ్ చెక్కమెట్లు ఎక్కొద్దు, పిడుగులు కూడా పడతాయి. ఆ క్రమంలో వెళ్ళేవాళ్ళు వాన పడితే ఆ రోజు పిరమిడ్ ఆశ వదులుకోవాల్సి రావచ్చు.

మార్చి, ఏప్రిల్, మే నెలల్లో వచ్చేవాళ్ళు ఎండను లెక్కలోకి తీసుకోవాలి. మన ఒంగోలు, ఖమ్మం ఎండే, కాకపోతే ఉక్క ఎక్కువ. మనిషికి మూడు లీటర్ల నీళ్ళు, ఓఆర్‌ఎస్ పొట్లాలు. కారులో ఐస్‌పెట్టె పెట్టించమని అడిగితే చాలామంది ఉచితంగానే పెడతారు.

కాకతీయ_తోరణం:
బెంగ్ మియాలియా ఎందుకిలా కూలిందో తెలిస్తే చూసే చూపు మారుతుంది. 12వ శతాబ్దం గుడి, ఆంగ్‌కోర్ వాట్ శైలే, దాదాపు అదే కాలం. చుట్టూ 45 మీటర్ల వెడల్పు కందకం. ఖ్మేర్ స్థపతులు నిజమైన కమాను కట్టలేదు. రెండు గోడల నుంచి రాతివరసలను ఒకదానికన్నా ఒకటి ముందుకు తోస్తూ పైన కలిపేవాళ్ళు. సున్నం లేదు, రాయి బరువే రాయిని పట్టి ఉంచాలి. పైగా చాలా చోట్ల రాళ్ళ అతుకులు వరసకు వరస ఒకే నిలువు గీతలో వచ్చాయి, ఇటుక గోడలో మేస్త్రీ వేసే సగం సగం అమరిక పాటించలేదు. ఒక చెట్టు వేరు ఆ గీతలోకి దూరితే కప్పు మొత్తం తలుపులా తెరుచుకుంటుంది. చెక్కబాట పక్కన మసక వెలుతురు ఉన్న వరండా ఒకటి నిలిచి ఉంది, దాని లోపలి కప్పు చూస్తే ఈ అమరిక అర్థమవుతుంది.

రాళ్ళ గుట్టల మధ్య చెక్కిన దూలాలు కొన్ని పైకి తిరిగి ఉన్నాయి. క్షీరసాగర మథనం, సీతమ్మ అగ్నిప్రవేశం వాటిలో ఉన్నాయి. గైడు చెప్పకపోతే పక్కనుంచే నడిచిపోతాం. దక్షిణం వైపు నుంచి లోపలికి వచ్చేటప్పుడు దారికి రెండు వైపులా ఉన్న నాగపడగలను తీరిగ్గా చూడండి, ఇంత చెక్కుచెదరని పడగలు ఆంగ్‌కోర్‌లోనే అరుదు.

పచ్చికాయ:
మధ్యలో అడుగుతున్నాను. మాకు ప్రేహ్ విహేర్ ఒక్కటైనా చూడాలని ఉంది, వేరే రోజు పెట్టుకుంటాం. వెళ్ళొచ్చా?

ఎర్రమట్టి:
ముందు సరిహద్దు పరిస్థితి చూడాలి. 2025 జులై 24 నుంచి అయిదు రోజులు థాయ్, కంబోడియా సైన్యాల మధ్య యుద్ధం జరిగింది, డిసెంబరులో మళ్ళీ మొదలైంది. ప్రేహ్ విహేర్ సరిగ్గా ఆ గీత మీదే ఉంది. బంతేయ్ ఛ్మార్ గుడి కూడా సరిహద్దుకు దగ్గరే. ఏజెంటు "అంతా మామూలే" అన్నంత మాత్రాన నమ్మకండి. ప్నోమ్ పెన్‌లోని మన రాయబార కార్యాలయం సూచన చూడండి, ప్రయాణ బీమా పత్రంలో యుద్ధ ప్రాంతం గురించి ఏముందో చదవండి. చాలా బీమాలు అటువంటి చోట చెల్లవు. తెరవలేదంటే పంతం పట్టొద్దు. డబ్బు వాపసు ఇస్తామన్న మాట రాతపూర్వకంగా ఉంటేనే అడ్వాన్సు కట్టండి.

పరిస్థితి కుదుటపడి తెరిచాక వెళ్ళేవాళ్ళు అసలు పాస్‌పోర్టు దగ్గర పెట్టుకోవాలి. కింద టికెట్ తీసుకున్నాక కొండ మీదికి మన కారు వెళ్ళదు, అక్కడి పికప్ బండో మోటారుసైకిలో ఎక్కాలి. ఏటవాలు చాలా ఎక్కువ. పెద్దవాళ్ళుంటే పికప్ ముందు సీటు అడగండి.

శిలాలేఖ:
ఆ గుడి మీద మనకు ఇంకో మమకారం ఉంది. శిఖరేశ్వరుడనే శివుడి గుడి అది. కొండ అంచు మీద 800 మీటర్ల పొడవునా గోపురం తర్వాత గోపురంగా పైకి పోతుంది. 1962లో అంతర్జాతీయ న్యాయస్థానం కంబోడియాదని తీర్పు ఇచ్చింది, 2008లో యునెస్కో జాబితాకెక్కింది. అక్కడి పునరుద్ధరణ పనుల్లో మన పురావస్తు శాఖ పాలుపంచుకుంది. రాళ్ళు మళ్ళీ దెబ్బతింటుంటే మనసుకు కష్టంగా ఉంటుంది.

పచ్చికాయ గారూ, సరిహద్దుకు దూరంగా ఒక రోజు కావాలంటే సంబోర్ ప్రేయ్ కుక్ చూడండి. ఏడో శతాబ్దపు ఈశానపురం, ఈశానవర్మన్ రాజధాని. 2017లో యునెస్కో గుర్తింపు వచ్చింది. అడవిలో ఇటుక గుళ్ళు, వాటిలో ఎనిమిది పలకలవి ఉన్నాయి. గోడల మీద గాలిలో తేలే మేడల శిల్పాలు. సియెమ్ రీప్ నుంచి పోయి రావడం దూరమే. ప్నోమ్ పెన్‌కు కారులో వెళ్ళే రోజున దారిలో చూస్తే వేరే రోజు ఖర్చు కాదు. కంపాంగ్ థోమ్ దగ్గర లోపలికి 30 కి.మీ. అదే 6వ నంబరు రోడ్డు మీద కంపాంగ్ క్డేయ్ దగ్గర 12వ శతాబ్దపు రాతి వంతెన ఉంది, 87 మీటర్లు, రెండు చివర్లా నాగపడగలు. పావుగంట ఆగండి.

తాటిమట్ట:
డబ్బు గురించి ఎవరూ రాయలేదు. కంబోడియాలో డాలర్లు చెల్లుతాయి, చిల్లర రియెల్‌లో ఇస్తారు, డాలరుకు 4000 పైచిలుకు. కానీ డాలరు నోటు అంచు అరసెంటీమీటరు చిరిగినా, సిరా గుర్తు ఉన్నా తీసుకోరు. ఏటీఎం ఒక్కోసారి 100 డాలర్ల నోటిస్తుంది. కో కేర్ కొట్టులో దానికి చిల్లర ఉండదు. ఒకటి, అయిదు, పది డాలర్ల నోట్లు ముందే విడిపించుకోండి. ఏటీఎం ప్రతిసారీ కొంత రుసుము తీసుకుంటుంది, కనుక చిన్న మొత్తాలు పదేపదే తీయొద్దు. చిరిగిన నోటు మీకిస్తే అక్కడికక్కడే తిరిగిచ్చేయండి, తర్వాత అది ఎవరికీ చెల్లదు.

కృష్ణాతీరం:
జనవరిలో వెళ్తున్నాం. అందరూ చెప్పినవి కలిపి గైడుకు పంపే సందేశం ఇలా రాశాను, ఇంగ్లీషులోకి మార్చి పంపుతాను:

"నలుగురం, వ్యాన్ కావాలి, వెనక బెల్టులతో. ఉదయం 6 గంటలకు హోటల్ దగ్గర. ముందు కో కేర్: ప్రామ్, థోమ్, క్రచాప్, బలాంగ్, థ్నెంగ్, చేన్. తర్వాత బెంగ్ మియాలియా. సాయంత్రం 6 లోపు హోటల్. లైసెన్సున్న ఇంగ్లీషు గైడు గుళ్ళ లోపలికి వస్తారు. ధరలో పెట్రోలు, పార్కింగు, నీళ్ళు, గైడు, డ్రైవరు భోజనాలు. టికెట్లు మావి. షాపింగ్ కోసం ఎక్కడా ఆగొద్దు. భోజనం మేమే తెచ్చుకుంటాం."

ఏమైనా మిగిలిందా?

దారివెంట:
రెండు చేర్చండి. ఒకటి, 6 దాటితే గంటకు ఎంత అని. రెండు, గైడు ఆ రోజు రాలేకపోతే అదే లైసెన్సున్న వేరే గైడును పంపాలి, డ్రైవరునే గైడుగా పంపకూడదు అని. రెండోది రాయకపోతే చివరి నిమిషంలో అదే జరుగుతుంది. ముందు రోజు సాయంత్రం డ్రైవరు ఫోన్ నంబరు, బండి నంబరు ప్లేటు ఫోటో తెప్పించుకోండి.

శిలాలేఖ:
గుళ్ళ వరసలో చిన్న మార్పు. ప్రసాత్ చేన్ వెళ్ళేటప్పుడే, ప్రామ్ తర్వాత, థోమ్‌కు ముందు చూసేయండి. అది ఆ దక్షిణపు వైపే ఉంది. చివరికి పెడితే చుట్టు తిరిగి మళ్ళీ వెనక్కి రావాలి, ఆకలి వేళకు దాన్నే వదిలేస్తారు. థోమ్ తర్వాత రహల్ చుట్టూ ఉన్న క్రచాప్, బలాంగ్, థ్నెంగ్‌లకు గంటంబావు ఉంచండి. బలాంగ్ లోపల మసకగా ఉంటుంది, లింగం వెనక గోడలో తూము చూడటానికి చిన్న టార్చి తీసుకెళ్ళండి.

కృష్ణాతీరం:
మార్చాను. టార్చి కూడా సంచిలో పెట్టాను.

తాటిమట్ట:
జనవరి పొద్దున ఆరింటికి కారు ఏసీలో చలిగా ఉంటుంది, పెద్దవాళ్ళకు ఒక్కో శాలువా. తొమ్మిదికల్లా తీసేస్తారు.